ఉరుములో ఎన్ని యూనిట్లు?

మా చిన్నప్పుడు ఆకాశం ఉరిమిందంటే నాయనమ్మ చేస్తున్న పని ఆపేసి "అర్జునా, ఫల్గుణా, పార్థా, కిరీటీ..." అని అందుకునేది. మమ్మల్నీ అనమనేది. పది పేర్లూ పూర్తయ్యేసరికి మోత తగ్గేది. అర్జునుడు విన్నాడనే నమ్మకం మాకు చాలాకాలం ఉండేది.

మొన్న వేసవి సెలవులకు మా అక్క కొడుకు వచ్చాడు. సాయంత్రం ఈదురుగాలి మొదలవగానే అలవాటు ప్రకారం కరెంటు పోయింది. బయట మెరుపు మీద మెరుపు. వాడు కిటికీ దగ్గర నిలబడి, "మామయ్యా, పైన అంత కరెంటు వృథాగా పోతోంది, కింద మనం విసనకర్రతో విసురుకుంటున్నాం. ఇదేం పద్ధతి?" అన్నాడు. వాడు ఆడే ఏదో ఆటలో ఒక వింత తుఫాను ఉంటుందట. అది వచ్చినప్పుడు ఆకాశం పాడుతుంది, ఊళ్లోవాళ్లు తీగలు కట్టి ఆ పాటను కరెంటుగా మార్చుకుంటారు. "అలాంటిది నిజంగా ఉంటుందా?"

లేదు పొమ్మన్నాను. అని, అది సరైన జవాబు కాదేమో అనుకున్నాను. తుఫాను పాడే మాట నిజం. శక్తిని మోసుకొచ్చే మాటా నిజమే. కాకపోతే ఆ రెండూ వాడి ఆటలోలా ఒకే చోట దొరకవు. పిడుగుకూ బియ్యానికీ ఒకే మంత్రం అన్నట్టు మనం అన్నిటినీ కలిపి "తుఫాను శక్తి" అనేస్తాం. లోపల నాలుగు వేరువేరు ఖాతాలున్నాయి: వేడి, గాలి, విద్యుత్తు, శబ్దం. తమాషా ఏమిటంటే కంటికీ చెవికీ ఎక్కువ తెలిసే ఖాతాలోనే డబ్బు తక్కువ.

అన్నిటికన్నా పెద్ద ఖాతా ఎవరూ పట్టించుకోనిది. అది వాన.

ఇడ్లీ పాత్ర మూత తీసేటప్పుడు ఆవిరి చేతికి తగిలితే, అంతే వేడి నీళ్లు పడినదానికన్నా ఎక్కువ కాలుతుంది. నీటిని ఆవిరి చేయడానికి పొయ్యి ఖర్చుపెట్టిన వేడంతా ఆ ఆవిరిలో దాగి ఉంటుంది, చర్మానికి తగిలి మళ్లీ నీరుగా మారేటప్పుడు ఆ వేడిని అక్కడే వదిలేస్తుంది. సముద్రం మీదా ఇదే లెక్క. అక్కడ పొయ్యి సూర్యుడు, చల్లటి చెయ్యి పైనున్న ఆకాశం. కిలో ఆవిరి నీరుగా మారితే దాదాపు 25 లక్షల జౌళ్ల వేడి బయటికొస్తుంది. మన మీటరు భాషలో చెబితే 0.7 యూనిట్.

కిలోకి ముప్పావు యూనిట్ కూడా లేదు కదా అనిపిస్తుంది. ఒక ఎకరం మీద ఒక సెంటీమీటరు వాన పడిందనుకోండి. అది నలభై టన్నుల నీరు. ఆ నీరు మబ్బులో తయారైనప్పుడు వదిలిన వేడి దాదాపు 28,000 యూనిట్లు. ఒక్క ఎకరానికి, ఒక్క సెంటీమీటరుకు! ఈ 28,000 అంకె గుర్తుంచుకోండి, దీనితో మళ్లీ పని పడుతుంది.

ఆ వేడితో చుట్టూ ఉన్న గాలి తేలికై ఇంకా పైకి లేస్తుంది. దాని చోటులోకి కిందినుంచి తేమగాలి వస్తుంది, అదీ పైకెళ్లి వానై ఇంకాస్త వేడి వదులుతుంది. తనకు తానే ఆజ్యం పోసుకునే మంట ఇది. సముద్రపు పైనీరు 26.5 డిగ్రీలకన్నా వెచ్చగా ఉంటే, పైన గాలులు దాన్ని చెదరగొట్టకుండా ఉంటే, ఆ మంట తుఫానుగా ముదరగలదు. తుఫానును ఒక ఉష్ణ యంత్రంగా, అంటే కింద వెచ్చటి సముద్రానికీ పైన గడ్డకట్టే చలికీ మధ్య నడిచే ఇంజనుగా చూడొచ్చని అమెరికా శాస్త్రవేత్త కెర్రీ ఇమాన్యుయల్ 1986లో లెక్కకట్టి చూపించాడు. రైలింజనుకు బాయిలరెలాగో తుఫానుకు బంగాళాఖాతం అలాగ.

అయితే ఇంజనుగా చూస్తే ఇది మహా దుబారా. అమెరికా వాతావరణ శాస్త్రజ్ఞుల అంచనా ప్రకారం, ఒక సగటు పెద్ద తుఫాను తన వానతో వదిలే వేడి 600 లక్షల కోట్ల వాట్లు. ప్రపంచమంతా వాడే కరెంటుకు నూట యాభై రెట్ల పైమాటే. అందులో గాలి వేగంగా మారేది నాలుగు వందల్లో ఒక్క వంతు. ఆ ఒక్క వంతే హుద్‌హుద్.

2014 అక్టోబరు 12న అది విశాఖ మీదికి వచ్చినప్పుడు గాలి గంటకు 180 కిలోమీటర్ల వేగాన్ని తాకింది. మా వీధిలో స్తంభాలు వరసగా వంగి ఉండడం ఇప్పటికీ కళ్లముందుంది. మాకు కరెంటు తిరిగి రావడానికి వారం దాటింది. ప్రపంచపు కరెంటంతా సిగ్గుపడేంత శక్తి మా నెత్తిమీంచి వెళ్లింది, మేమేమో కొవ్వొత్తుల కోసం క్యూ కట్టాం. మా వాడడిగిన ప్రశ్న నిజానికి అప్పుడే నాకు రావలసింది.

గాలి ఉంటే గాలిమరలున్నాయి కదా అనొచ్చు. గాలి వేగం రెండింతలైతే అందులోని శక్తి ఎనిమిదింతలవుతుంది, అదే చిక్కు. మామూలు గాలిమరలు సెకనుకు 25 మీటర్లు, అంటే గంటకు 90 కిలోమీటర్లు దాటితే రెక్కలు ముడుచుకుని ఆగిపోయేలా తయారుచేస్తారు. హుద్‌హుద్ గాలి దానికి రెండింతలు, అంటే ఎనిమిదింతల శక్తి. ఏడాదిలో రెండు రోజుల పంట కోసం దాన్ని తట్టుకునేంత గట్టి మర కట్టడం ఎవరికీ గిట్టదు. జపాన్‌లో చాలెనర్జీ అనే కంపెనీ రెక్కల బదులు నిలువుగా తిరిగే స్తంభాలతో తుఫానుకు తట్టుకునే మర చేసి, ఇషిగాకి దీవిలో నిలబెట్టింది. దాని సామర్థ్యం 10 కిలోవాట్లు. మూడు నాలుగు ఇళ్ల మీది సోలార్ ప్యానెళ్లంత. దీవుల్లో అదీ పనికొస్తుంది, ఎగతాళి చేయను.

ఇక అందరికీ ఆశ పుట్టించే ఖాతా, మెరుపు.

మబ్బు పైకి పెరిగేకొద్దీ లోపల నీటి బిందువులు, చిన్న మంచు ముక్కలు, మెత్తటి వడగళ్లు ఒకదానితో ఒకటి ఢీకొంటాయి. తేలికైన మంచు ముక్కలు ధనావేశంతో పైకి, బరువైన వడగళ్లు ఋణావేశంతో కిందికి చేరతాయి. ఉన్ని స్వెట్టరు విప్పినప్పుడు చిటపటలాడే వ్యవహారమే, కిలోమీటర్ల ఎత్తున. మబ్బులో వంద కోట్ల వోల్టుల దాకా పేరుకోవచ్చని బ్రిటన్ శాస్త్రవేత్త సి.టి.ఆర్. విల్సన్ 1920లలోనే ఊహించాడు. బెలూన్లు, విమానాలు పంపి వెతికితే అంత ఎప్పుడూ కనబడలేదు. చివరికి అది దొరికింది మన ఊటీలో.

అక్కడ టాటా ఇన్‌స్టిట్యూట్ వాళ్ల గ్రేప్స్-3 ప్రయోగశాల ఉంది. అది మబ్బుల కోసం పెట్టింది కాదు, అంతరిక్షం నుంచి వచ్చే కాస్మిక్ కిరణాల వల్ల పుట్టే మ్యూయాన్లనే కణాలను లెక్కపెట్టడానికి పెట్టింది. ఉరుముల మబ్బు పైనుంచి వెళ్లినప్పుడల్లా కణాల లెక్క కాస్త తగ్గడం వాళ్లు గమనించారు. మబ్బులోని విద్యుత్తు వాటిని అడ్డుకుంటోంది. ఎంత తగ్గిందో చూసి ఎన్ని వోల్టులో లెక్కకట్టొచ్చు. 2014 డిసెంబరు 1న వెళ్లిన ఒక మబ్బులో 130 కోట్ల వోల్టులు తేలాయి. 2019లో ఆ ఫలితం ప్రకటించారు. మబ్బు వైశాల్యం కనీసం 380 చదరపు కిలోమీటర్లు, పవర్ కనీసం 200 కోట్ల వాట్లు. శ్రీశైలంలో కుడి ఎడమ పవర్‌హౌస్‌లు రెండూ కలిపినా 1,670 మెగావాట్లే, ఇది 2,000.

ఇక్కడే అందరం బోల్తా పడతాం. వాట్లు వేగం, యూనిట్లు దూరం. బండి ఎంత జోరుగా వెళ్లినా ఎంతసేపు వెళ్లిందో చూడాలి. అంత పవరూ ఆరు నిమిషాల పాటు నడిచిందనుకున్నా అయ్యేది రెండు లక్షల యూనిట్లు. గుర్తుంచుకోమన్న అంకె తీయండి: ఏడెకరాల మీద సెంటీమీటరు వాన. తొంభై వేల ఎకరాలకు పైగా కమ్ముకున్న మబ్బులో ఉన్న కరెంటంతా కలిపి ఏడెకరాల వాన వేడితో సమానం.

ఒక్కో మెరుపు సంగతీ అంతే. సాధారణంగా వాడే అంచనా వంద కోట్ల జౌళ్లు. వినడానికి భయంకరంగా ఉంటుంది. యూనిట్‌కు 36 లక్షల జౌళ్లు కాబట్టి భాగిస్తే 280 యూనిట్లు వస్తాయి. ఏసీ ఉన్న ఇంటికి నెల గడవడం కష్టం. ఉపగ్రహాల లెక్కన ప్రపంచంలో సెకనుకు 44 మెరుపులు, ఏడాదికి దాదాపు 140 కోట్లు. ఒక్కటీ వదలకుండా, చుక్క నష్టపోకుండా పట్టుకున్నా మన దేశం ఏడాదిలో ఉత్పత్తి చేసే కరెంటులో నాలుగో వంతు రాదు. పైగా వాటిలో ఎక్కువ భాగం మబ్బుల్లోనే మెరిసి అక్కడే ఆరిపోతాయి, నేలదాకా రావు.

వెనిజులాలో మరకైబో సరస్సు మీద ఏడాదికి దాదాపు మూడు వందల రాత్రులు మెరుస్తూనే ఉంటుంది. చదరపు కిలోమీటరుకు ఏటా 233 మెరుపులు, ప్రపంచ రికార్డు. అక్కడైనా మెరుపుల కరెంటు కేంద్రం పెట్టొచ్చు కదా? చదరపు కిలోమీటరంటే 247 ఎకరాలు. ఎకరానికి ఏడాదికి ఒక మెరుపు కూడా కాదు. ఒకే చోట పదేపదే పడాలంటే ఎత్తయిన టవరుండాలి. స్విట్జర్లాండ్‌లో సాంటిస్ కొండ మీద 124 మీటర్ల టవరుంది, ఏటా దాదాపు వంద పిడుగులు దాని మీదే. అన్నీ పూర్తిగా పట్టుకున్నా 28,000 యూనిట్లు. మళ్లీ అదే అంకె! ఎకరం మీద సెంటీమీటరు వాన, లేదా ఓ ఏడిళ్ల డాబాల మీది సోలార్ ప్యానెళ్లు.

నిజానికి అంతా కూడా రాదు. పిడుగు శక్తిలో చాలా భాగం దారిలో గాలిని కాల్చడానికే అయిపోతుంది, నేలకు చేరేది కొసరు. ఆ కొసరూ సెకనులో చిన్న ముక్కలో, ముప్పై వేల ఆంపియర్లతో వచ్చి పడుతుంది. ఆ వేగంతో మింగగల బ్యాటరీ లేదు. శ్రీశైలం గేట్లెత్తినప్పుడు కింద చెంబు పెట్టడం లాంటిది. నీళ్లు దొరకవు, చెంబూ దక్కదు. 1753లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో గియోర్గ్ రిచ్‌మన్ అనే శాస్త్రవేత్త మెరుపు విద్యుత్తును ఇంట్లోకి తెచ్చి కొలవబోయి ప్రాణమే పోగొట్టుకున్నాడు. పిడుగును దారి మళ్లించడం మాత్రం కొంత చేతనైంది. 2021 వేసవిలో అదే సాంటిస్ కొండ మీద లేజర్ కిరణంతో పిడుగు దారిని దాదాపు యాభై మీటర్ల మేర నడిపించారు. అది విమానాశ్రయాల్లాంటి చోట్ల పిడుగును పక్కకు తప్పించడానికి, బిల్లు తగ్గించుకోవడానికి కాదు.

మిగిలింది శబ్దం. వాడి ఆటలో పాటే కరెంటవుతుంది. నిజంలో కరెంటే పాటవుతుంది, అదీ చాలా పిసినారితనంగా.

మెరుపు దారి బొటనవేలంత సన్నం, కిలోమీటర్ల పొడవు. అందులో గాలి సెకనులో లక్షల వంతు కాలంలో ముప్పై వేల డిగ్రీలకు చేరుతుంది, సూర్యుడి ఉపరితలానికి ఐదింతల వేడి. తప్పుకోవడానికి వ్యవధి లేని గాలి పేలుతుంది. ఆ పేలుడే ఉరుము. మెరుపు శక్తిలో శబ్దమయ్యేది ఒక శాతం కూడా ఉండదు. ఒక శాతమే అనుకున్నా మూడు యూనిట్లు కూడా కాదు. ఊరిని అదరగొట్టే ఆ మోతంతా గీజరు కాసేపు వేసుకున్నంత.

మెరుపు ఒక్కసారే మెరిస్తే ఉరుము అంతసేపు దొర్లడమెందుకు? దారి పొడవు వల్ల. మెరుపు కింది కొస మనకు కిలోమీటరు దూరంలో ఉంటే పై కొస ఐదు కిలోమీటర్ల దూరంలో ఉండొచ్చు. శబ్దం కిలోమీటరు నడవడానికి మూడు సెకన్లు తీసుకుంటుంది. దగ్గరి ముక్క మోత ముందు, దూరపు ముక్క మోత పన్నెండు సెకన్ల తర్వాత. ఒకేసారి పుట్టిన శబ్దం ఊరేగింపులా వస్తుంది. దగ్గర పడితే ఫెళ్లుమనడం, దూరాన పడితే గుడగుడలాడడం కూడా ఇందువల్లే, పైగా దారిలో గాలి సన్నటి శబ్దాలను పీల్చేసి బొంగురు శబ్దాలనే మిగులుస్తుంది.

నాయనమ్మ మంత్రానికి ఇక్కడ ఒక పని దొరుకుతుంది. ఆమె ఉరుము విన్నాక మొదలెట్టేది. మీరు మెరుపు చూడగానే మొదలెట్టండి. నింపాదిగా సెకనుకో పేరు. పది పేర్లూ అయ్యాక ఉరిమిందంటే పిడుగు మూడు కిలోమీటర్ల అవతల. పార్థుడి దగ్గరే ఉరిమిందంటే కిలోమీటరు. మూడుసార్లు చదివినా, అంటే ముప్పై సెకన్లకు ఉరిమినా, ఆ మబ్బు తర్వాతి పిడుగు మీ దగ్గర పడగలదు. ఉరుము చెవిన పడిందంటేనే చెట్టు కిందినుంచి, పొలంలోంచి పక్కా ఇంట్లోకి వెళ్లాలి. 2018 ఏప్రిల్ 24న ఒక్క ఆంధ్రప్రదేశ్‌లోనే 13 గంటల్లో 36,749 పిడుగులు నమోదయ్యాయి. దేశంలో ఏటా రెండు వేల మందికి పైగా పిడుగుపాటుకు చనిపోతున్నారు, వాళ్లలో పొలం పనుల్లో ఉన్నవాళ్లే ఎక్కువ. పిడుగు ముప్పు గురించి హెచ్చరించడానికి పుణె ఉష్ణమండల వాతావరణ సంస్థ తెచ్చిన దామిని యాప్ ఫోన్లో వేసుకోవడానికి ఖర్చేమీ లేదు.

ఉరుము చెవికి వినబడే పాట. తుఫాను పాడే మరో రెండు పాటలు మామూలుగా వినబడవు, ఆటలో ఉన్నదానికి దగ్గరగా వచ్చేవి అవే.

మొదటిది సముద్రంలో పుడుతుంది. తుఫాను లేపిన పెద్ద అలలు వేరువేరు దిక్కులనుంచి వచ్చి ఎదురుబొదురుగా కలిసినప్పుడు నీటి మట్టం డప్పు చర్మంలా పైకీ కిందికీ ఊగుతుంది, మీదున్న గాలిని నెడుతుంది. దాదాపు ఐదు సెకన్లకో దరువు. మన చెవి సెకనుకు ఇరవై దరువులకు తక్కువైతే వినలేదు కాబట్టి ఒడ్డున ఉన్నవాళ్లకు తెలియదు. కానీ ఈ ఇన్‌ఫ్రాసౌండ్ వేల కిలోమీటర్లు పోతుంది. సోవియట్ శాస్త్రవేత్త షులైకిన్ 1930లలో దీనికి "సముద్రపు గొంతు" అని పేరు పెట్టాడు. అణు పరీక్షలను దొంగచాటుగా ఎవరు జరిపినా పట్టుకోవడానికి ప్రపంచమంతటా పెట్టిన సున్నితమైన పరికరాలకు ఈ దరువు ఎప్పుడూ వినబడుతూనే ఉంటుంది. బాంబు కోసం చెవి ఒగ్గినవాళ్లకు తుఫాను వినబడుతోందన్నమాట.

రెండోది నాకు మరీ ఇష్టం. మొదటి ప్రపంచయుద్ధంలో జర్మన్లు శత్రువుల ఫోన్ మాటలు వినడానికి నేలలో తీగలు పాతి, ఆంప్లిఫయర్లు తగిలించి కూర్చున్నారు. మాటల మధ్య సన్నగా మొదలై కిందికి జారే ఈల వినబడేది. గ్రెనేడ్లు ఎగురుతున్నాయని సైనికులు చెప్పుకున్నారు. జర్మన్ శాస్త్రవేత్త హైన్‌రిష్ బార్క్‌హౌసెన్ యుద్ధం అయ్యాక దాని గురించి రాశాడు. అసలు గుట్టు 1953లో ఓవెన్ స్టోరీ విప్పాడు. ఎక్కడో పడిన పిడుగు రేడియో తరంగాలనూ పుట్టిస్తుంది. వాటిలో కొన్ని భూమి అయస్కాంత రేఖను పట్టుకుని అంతరిక్షంలోకి వేల కిలోమీటర్లు ఎగబాకి, ఆ రేఖ వెంటే దిగి భూమికి అవతలి అర్ధగోళంలో తేలతాయి. దారిలో ఎక్కువ పౌనఃపున్యమున్నవి ముందు, తక్కువవి వెనక. పెళ్లివారంతా ఒకేసారి బయల్దేరినా బైకుల మీది కుర్రాళ్లు ముందు, పెద్దవాళ్ల బస్సు వెనక చేరినట్టు. అందుకే ఒక్క "టప్"మనే చప్పుడు సాగి "వీయూ..." అయిపోతుంది. ఆ తరంగాలు వాటంతట అవి శబ్దం కావు, యాంటెన్నాకు స్పీకరు తగిలిస్తే ఈలగా వినబడతాయి. మన దేశంలో వారణాసి బనారస్ హిందూ విశ్వవిద్యాలయం వాళ్లు వీటిని ఏళ్లుగా రికార్డు చేసి అధ్యయనం చేశారు. 1979లో వాయేజర్-1 వ్యోమనౌక గురు గ్రహం దగ్గర ఇదే ఈల విని, అక్కడా మెరుపులున్నాయని చెప్పింది.

వాట్సాప్‌లో తిరిగే "భూమి గుండె చప్పుడు 7.83 హెర్ట్జ్" కూడా ఈ కుటుంబంలోదే. నేలకూ అయనోవరణానికీ (వాతావరణంలో పైనున్న విద్యుదావేశపు పొరకూ) మధ్య ఉన్న ఖాళీలో ప్రపంచపు మెరుపులన్నిటి రేడియో తరంగాలు చుట్టూ తిరిగి ప్రతిధ్వనించడం అది. జర్మన్ శాస్త్రవేత్త షూమన్ 1952లో దీన్ని ముందే ఊహించాడు. మెరుపుల లెక్క తెలుసుకోవడానికి శాస్త్రవేత్తలకు చాలా పనికొస్తుంది. అది చప్పుడు కాదు, దాంతో రోగాలు తగ్గవు, ఫోన్ చార్జి కాదు. దాని అయస్కాంత బలం భూమి సొంత అయస్కాంత బలంలో కొన్ని కోట్ల వంతు.

ఇదంతా మా వాడికి చెబుతుంటే సగంలోనే, "అయితే తుఫానుల్నుంచి కరెంటు రాదంతేగా" అన్నాడు. రాకేం, వస్తోందిగా అన్నాను. సముద్రం మీది ఆవిరి సహ్యాద్రి కొండలకు తగిలి మహాబలేశ్వరం దగ్గర వానవుతుంది. మెరుపుల హంగామా అక్కడే ముగుస్తుంది, వేడి ఆకాశంలో కలిసిపోతుంది. నీరు మాత్రం కొండ మీద మిగులుతుంది. ఆ ఎత్తే మనకు దక్కే వాటా. వంద మీటర్ల కిందికి దూకిన కిలో నీటిలో ఉండే శక్తి, అదే కిలో మబ్బులో వదిలిన వేడిలో రెండున్నర వేల వంతు. కానీ అది నింపాదిగా వస్తుంది, గేటు వేస్తే ఆగుతుంది, తీస్తే వస్తుంది. కృష్ణ పొడుగునా దాన్ని ఆపి ఆపి తిప్పుతున్నాం. శ్రీశైలంలో గేట్లెత్తిన రోజు వంతెన మీద నిలబడితే పక్కవాడి మాట వినబడదు, ఆ పాట కూడా ఉంది.

"ఒక యూనిట్‌కి ఎన్ని నీళ్లు కావాలి?" అన్నాడు. వంద మీటర్ల ఎత్తునుంచైతే నష్టాలు కూడా కలుపుకుని నాలుగు టన్నులు అన్నాను. ఎనిమిదిన్నరకు కరెంటు వచ్చింది. వాడు ఫ్యాను వైపు కాసేపు చూసి, ఫోన్లో కాలిక్యులేటర్ తీసి, అది పదమూడు గంటలు తిరిగితే ఒక యూనిట్ అని తేల్చాడు. పడుకోబోయే ముందు రెండు పాయింట్లు తగ్గించాడు. పాత రెగ్యులేటరు కాబట్టి దానివల్ల పెద్దగా ఏమీ మిగలదని ఆ రాత్రికి చెప్పలేదు.